అర మీటరు దూరం నుంచి ఎడారి చిమ్మట: పెంటాక్స్ పాపిలియో బైనాక్యులర్ రివ్యూ

పువ్వులో దూరిన సెంటీమీటరు పురుగుని ముట్టుకోకుండా, అది చేస్తున్న పని ఆగిపోకుండా చూడాలనుకునేవాళ్లు పెంటాక్స్ పాపిలియో 2, 6.5×21 మోడల్ (ఆరున్నర రెట్లు పెద్దగా చూపించేది, ముందు కటకాల వెడల్పు 21 మిల్లీమీటర్లు) కొనుక్కోండి. ఇంకో ఆలోచన అక్కర్లేదు. పక్షులు, దూరపు కొండలు, స్టేడియంలో మ్యాచ్ చూడటానికి వేరే మంచివి చాలా ఉన్నాయి, వాటి జోలికి నేను వెళ్లను. నేను దీన్ని కొన్నది ఒకే ఒక్క జీవి కోసం. అమెరికా ఎడారిలో పెరిగే, యుక్కా జాతికి చెందిన ముళ్లాకుల జాషువా చెట్టు పువ్వుల్లో బతికే నల్లటి బుల్లి చిమ్మట కోసం.

మేముండేది నెవాడాలో, లాస్ వేగస్ పక్కనున్న హెండర్సన్‌లో. ఇక్కడి నుంచి దక్షిణంగా కారులో గంట దాకా వెళ్తే సెర్చ్‌లైట్ అనే చిన్న ఊరు వస్తుంది. దానికి పడమటి వైపు వీ థంప్ అనే జాషువా చెట్ల అడవి ఉంది. 2002 నుంచి రక్షిత వన్యప్రాంతం. 2023 మార్చిలో ప్రకటించిన ఆవీ క్వా ఆమే జాతీయ స్మారక ప్రాంతంలో ఇప్పుడది భాగం. అడవి అన్నానని దట్టమైన నీడ ఊహించుకోవద్దు. ఎర్రమట్టి, రాళ్లు, మధ్య మధ్య చేతులు పైకెత్తి నిలబడ్డ చెట్లు, అంతే. కొన్ని చెట్లకి వందల ఏళ్ల వయసు. ఫిబ్రవరి చివరి నుంచి ఏప్రిల్ దాకా, వానలు కలిసొచ్చిన ఏడాదిలో, కొమ్మల చివర తెల్లటి పూల గుత్తులు వస్తాయి. అన్ని ఏళ్లూ రావు. వచ్చిన ఏడాది మాత్రం వదులుకోకూడదు.

ఆ పువ్వు గురించి ముందు చెప్పాలి, ఎందుకంటే ఈ బైనాక్యులర్ విలువ తెలిసేది అక్కడే. జాషువా పువ్వు మందంగా, మైనం పూసినట్టు ఉంటుంది. పూర్తిగా విచ్చుకోదు. వాసన పుట్టగొడుగుల్ని గుర్తుచేస్తుంది, కొందరికి కడుపులో తిప్పుతుంది కూడా. గుత్తి చుట్టూ ఆకులు, ఒక్కో ఆకు చివర సూదంత ముల్లు. అలాంటి చోట ముఖం పెట్టి 10ఎక్స్ భూతద్దంతో చూడాలంటే కన్ను పువ్వుకి అంగుళం దూరంలో ఉండాలి. ఆ ముళ్ల మధ్య అంగుళం దూరంలో కన్ను పెట్టే ధైర్యం నాకు లేదు, ఎవరికీ ఉండకూడదు. పైగా మన నీడ పడిందంటే చిమ్మట పువ్వు అడుగుకి జారుకుంటుంది. ఇక దాని వెన్ను కూడా కనిపించదు.

పాపిలియో ఈ రెండు సమస్యల్నీ ఒక్కసారే తీర్చేసింది. అర మీటరు దూరం నుంచి ఫోకస్ అవుతుంది. మా ఆయన దగ్గరున్న 10×42 రెండు మీటర్ల లోపలికి ఫోకస్ కాదు, పెద్ద బైనాక్యులర్లు చాలావరకు ఇంతే. ఒకవేళ అయినా, అంత దగ్గరి వస్తువు రెండు కళ్లకీ రెండు వేరు వేరు బొమ్మలుగా కనిపించి తలనొప్పి పుడుతుంది. పాపిలియోలో ఫోకస్ చక్రం దగ్గరికి తిప్పుతున్న కొద్దీ ముందున్న రెండు కటకాలూ లోపల ఒకదానివైపు ఒకటి జరుగుతాయి, మనం ముక్కు కొన చూసుకునేటప్పుడు కనుగుడ్లు లోపలికి తిరిగినట్టు. అందుకే అర మీటరు దగ్గర కూడా రెండు బొమ్మలు కలిసి ఒకటే గుండ్రటి బొమ్మ అవుతుంది, అదీ లోతుతో సహా. ఫోన్‌లో మాక్రో ఫోటో తీసినప్పుడు ఆ లోతు రాదు. పువ్వులో ముందున్నది కేసరమా, వెనకున్నది పురుగు కాలా అన్నది ఫోటోలో తేలదు. ఇందులో చూడగానే తెలిసిపోతుంది.

లెక్క కావాలంటే చూడండి. అర మీటరు నుంచి ఆరున్నర రెట్లు అంటే, వస్తువు కంటికి సుమారు 7.7 సెంటీమీటర్ల దూరంలో ఉన్నట్టు. మామూలు కంటితో 25 సెంటీమీటర్ల దగ్గర పెట్టుకుని చూసినదానికంటే మూడింతల పైచిలుకు. అంత దగ్గర్లో కనిపించే వెడల్పు ఆరేడు సెంటీమీటర్లు, అంటే ఒక పువ్వు మొత్తం, పక్క పువ్వు అంచు కూడా. చిమ్మట ఒక పువ్వు నుంచి పక్కదానికి నడిచినా కళ్లు తీయకుండా వెంబడించొచ్చు. 8.5×21 అని ఇంకో మోడల్ ఉంది, దాని గురించి కింద చెప్తాను.

ఇక అందులోంచి కనిపించేది.

వీ థంప్‌లో ఉండే చిమ్మట పేరు టెజెటిక్యులా యాంటిథెటికా. రెక్కలు వీపు మీద ముడుచుకుంటే సెంటీమీటరు కూడా ఉండదు. యుక్కా చిమ్మటలు అనగానే పుస్తకాల్లో తెల్లటి రెక్కలవే చూపిస్తారు, ఆ కుటుంబంలో ఎక్కువ అలాంటివే. జాషువా చెట్టు మీదవి మాత్రం నలుపు. ఒళ్లు నల్లగా, రెక్కలు మసి బూడిద రంగులో, శరీరం కాస్త అణిగినట్టుగా ఉంటుంది. తెలియనివాళ్లు చిన్న కందిరీగ అనుకుని చెయ్యి వెనక్కి తీసుకుంటారు. కుట్టదు. పెద్దయ్యాక దాదాపు ఏమీ తినదు. బతికేది కొన్ని రోజులు.

ఆడ చిమ్మటని గుర్తుపట్టడం ఈ బైనాక్యులర్‌తో ఎంతో తేలిక. తల కింద, గొంతు దగ్గర, లేత పసుపు ముద్ద ఒకటి అదిమి పట్టుకుని ఉంటుంది. అది పుప్పొడి. ఏ తేనెటీగకో అంటుకున్నట్టు పొరపాటున అంటుకున్నది కాదది, కావాలని కూడగట్టింది. నోటి దగ్గర రెండు వంకర చేతుల్లాంటివి ఉంటాయి, మీసాలు వేరు, ఇవి వేరు. వాటితోనే కేసరాల మీది పుప్పొడిని గీరి ముద్ద చేసి గొంతు కింద పెట్టుకుంటుంది. ఇలాంటి అవయవం ఈ చిమ్మటలకీ, వీటి దగ్గరి చుట్టాలకీ తప్ప ఇంకే చిమ్మటకీ లేదు. దాన్ని ప్రాణమున్న చిమ్మట మీద, అది వాడుతుండగా, నా కళ్లతో చూశాను. అందుకే ఈ రివ్యూ రాస్తున్నాను.

ఆ రోజు ఉదయం ఇంకా చల్లగా ఉంది. నా భుజం ఎత్తులో ఉన్న గుత్తిలో ఒక ఆడది దొరికింది. ముందు పువ్వు మధ్యలో తలకిందులుగా నిలబడి, పొట్ట చివరున్న సన్నటి సాధనంతో గుచ్చి కాసేపు కదలకుండా ఉండిపోయింది. అప్పుడే గుడ్డు పెడుతుంది. తర్వాత బయటికి లాక్కుని, తిరిగి, పువ్వు నడుమ నిలబడ్డ కీలాగ్రం (పుప్పొడి అందుకునే భాగం) పైకి ఎక్కింది. గొంతు కింది ముద్దలోంచి కొంచెం తీసి, తల ముందుకీ వెనక్కీ ఆడిస్తూ దాని కొనలో ఉన్న సందులోకి కూరింది. కూరడం అనే మాటే సరైనది. గోడ పగుల్లోకి సున్నం నొక్కే మేస్త్రీ ఎంత శ్రద్ధగా నొక్కుతాడో అంత శ్రద్ధగా. మళ్లీ కిందికి దిగి ఇంకో గుడ్డు. జాషువా చెట్టుకి ఈ పని చేసిపెట్టే జీవి ఇంకోటి లేదు. ఈ చిమ్మట పిల్లలకి ఆ గింజలు తప్ప వేరే తిండి లేదు. పుప్పొడి కూరకపోతే గింజ లేదు, గింజ లేకపోతే పిల్ల లేదు.

ఈ సంగతి మొదట బయటపెట్టింది మిస్సోరీలోని సెయింట్ లూయిస్‌లో చార్లెస్ రైలీ అనే కీటక శాస్త్రవేత్త, 1872లో, వేరే యుక్కా మొక్క మీద. రెండేళ్ల తర్వాత డార్విన్ ఒక ఉత్తరంలో, పరాగ సంపర్కం గురించి ఇప్పటిదాకా అచ్చయిన వాటిలో ఇంత అద్భుతమైనది లేదనే అర్థంలో రాశాడు. జాషువా చెట్టు చిమ్మటకి సింథెటికా అని 1892లో రైలీయే పేరు పెట్టాడు. నూట పదేళ్లకి పైగా అందరూ అది ఒకటే జాతి అనుకున్నారు. 2003లో తేల్చింది ఏమిటంటే అవి రెండు. ఇక్కడి మొహావీ అనే ఎడారిలో పడమటి వైపు సింథెటికా, తూర్పున యాంటిథెటికా.

ఈ రెండిటినీ బైనాక్యులర్‌లో చూసి వేరు చేయగలరా అని ఎవరైనా అడిగితే, పాపిలియో వల్ల కాదని చెప్తాను. ఇంకే బైనాక్యులర్ వల్లా కాదు. తూర్పుది కాస్త చిన్నది, గుడ్డు పెట్టే సాధనం పొట్టిది, ఎందుకంటే తూర్పు చెట్టు పువ్వులో గుచ్చాల్సిన దూరమే తక్కువ. అది సూక్ష్మదర్శిని కింద కొలిచి చెప్పే తేడా. బయట తిరిగే మనకి దారి చూపేది చెట్టే. పడమటి జాషువా చెట్టు పొడుగ్గా ఎదిగి ఆ పైన కొమ్మలేస్తుంది, ఆకులు పొడుగు, పువ్వు గుండ్రం. తూర్పుది నేలకి దగ్గర్లోనే చీలిపోయి గుబురుగా ఉంటుంది, ఆకులు పొట్టి. చెట్టు ఏదో తెలిస్తే చిమ్మట ఏదో దాదాపు తెలిసినట్టే. కాలిఫోర్నియాలో జాషువా ట్రీ నేషనల్ పార్కు, లాంకాస్టర్ చుట్టుపక్కల యాంటిలోప్ వ్యాలీ సింథెటికావి. వీ థంప్, ఆరిజోనా వాయవ్య మూల, యూటా నైరుతి మూల, కాలిఫోర్నియా అంచులోని సీమా డోమ్ యాంటిథెటికావి. రెండు చెట్లూ రెండు చిమ్మటలూ ఒకే చోట కలిసేది నెవాడాలోని టికబూ వ్యాలీలో, గ్రహాంతరవాసుల బోర్డులతో పేరు పడ్డ 375 నంబరు రోడ్డు మీద. అక్కడ రెండిటికీ కలిసి పుట్టిన సంకర చెట్లు ఉన్నాయి. ఆ రోడ్డు మీద అందరూ ఆకాశం చూస్తూ పోతారు. చూడాల్సింది రోడ్డు పక్క చెట్టులో ఉందని నా గట్టి నమ్మకం.

ఒకటి మాత్రం పాపిలియోతో బాగా తేలుతుంది. అదే చెట్టు మీద ప్రొడాక్సస్ అనే దగ్గరి చుట్టం కూడా తిరుగుతుంది. అది గుడ్లు పెట్టుకుంటుంది గానీ పుప్పొడి మోయదు. నోటి దగ్గర ఆ చేతులే లేవు. గొంతు కింద పసుపు ముద్ద కనిపించిందంటే అది టెజెటిక్యులా ఆడదే. ముద్ద లేనంత మాత్రాన ఏదీ తేల్చేయకూడదు, మగది కావచ్చు, ముద్ద ఇంకా చేసుకోనిది కావచ్చు.

మా నాయన అనంతపురం జిల్లా రైతు. కంది, వేరుశనగ పెట్టి ముప్పై నలభై ఏళ్లు పురుగుతో యుద్ధం చేసిన మనిషి. మొన్న వేసవికి మా దగ్గరికి వచ్చినప్పుడు కాయల కాలంలో వీ థంప్‌కి తీసుకెళ్లాను. ఉడుతలు కొరికి పడేసిన కాయ ఒకటి నేల మీద విప్పుకుని ఉంది. పాపిలియో ఆయన చేతికిచ్చి, చక్రం ఎటు తిప్పాలో చూపించాను. కంటద్దాలు తీయక్కర్లేదు, కంటి కప్పుల్ని లోపలికి తిప్పేస్తే చాలు, ఐ రిలీఫ్ (కంటికీ బైనాక్యులర్ కటకానికీ మధ్య ఉంచగల దూరం) 15 మిల్లీమీటర్లు. ఇలా పట్టుకున్న కాసేపటికే ఆయన అన్న మాట:

"ఏం పాపా, ఇది కాయతొలిచే పురుగే గదా. మందు కొట్టరా ఈడ?"

"కొట్టరు నాయనా. దీనమ్మ వచ్చి పని చేస్తేనే ఈ కాయ కాసింది."

ఆయన మళ్లీ చూశాడు. కాయలో నల్లటి పలచటి గింజలు దొంతరలుగా పేర్చి ఉంటాయి. పురుగు ఒక దొంతరలో కొంత దూరం తొలుచుకుంటూ పోయింది, పక్క దొంతర ముట్టనే లేదు. "ఒక సాలు తిని తక్కినవి ఇడిచిపెట్టింది. మన శనగపచ్చ పురుగు ఇట్ల ఇడిచిపెడితే అప్పులెందుకైతాయి?" అన్నాడు. చాలాసేపు ఇవ్వలేదు బైనాక్యులర్. కొన్ని యుక్కా జాతుల్లో గుడ్లు మరీ ఎక్కువ పడ్డ పువ్వుల్ని మొక్కే రాల్చేస్తుందని, అందుకే మితిమీరి గుడ్లు పెట్టే చిమ్మటకి నష్టమేనని చెప్పాను. "అట్లయితే చెట్టుకి లెక్క తెలుసు," అన్నాడు.

నాయన ఊరెళ్లేటప్పుడు ఇంకోటి కొని ఇచ్చాను. కంది చేలో వాడుతున్నాడు. ఆయన ఫోన్లో చెప్పినదాన్ని బట్టి, పూత మీద వాలిన రెక్కల పురుగుని గుర్తుపట్టడానికీ, చిన్న లద్దె పురుగుల్ని ఆకు తిప్పకుండా చూడటానికీ బాగుంది. గుడ్లు మాత్రం చుక్కల్లా కనిపిస్తాయి, వాటి మీది గీతలు తెలియవు. గుడ్డు ఏ పురుగుదో తేల్చుకోవాలంటే భూతద్దమే కావాలి. ఇది నిజం, కొనేముందు తెలుసుకోవాలి. పాపిలియో భూతద్దానికి బదులు కాదు, భూతద్దం వెళ్లలేని చోటికి వెళ్లేది.

మిగతా విషయాలు. బరువు 290 గ్రాములు, మెడలో ఉన్న సంగతి తెలియదు. అడుగున ట్రైపాడ్ మర ఉంది, దాన్ని తప్పకుండా వాడండి. ఎందుకంటే అర మీటరు దగ్గర చెయ్యి కొంచెం వణికినా పురుగు బొమ్మలోంచి బయటికి పోతుంది. నేను ఒంటి కాలు స్టాండు మీద పెట్టుకుంటాను. నిలబడి చూసే ఓపిక దానితో రెట్టింపైంది. వాటర్‌ప్రూఫ్ కాదు, ఆ మాట కంపెనీయే చెప్తుంది. మాది ఎడారి కాబట్టి నాకు పట్టింపు లేదు, మన వైపు వానాకాలం చేలల్లో వాడేవాళ్లు ప్లాస్టిక్ సంచి దగ్గర పెట్టుకోండి. ముందు కటకాలు 21 మిల్లీమీటర్లే, కాబట్టి చీకటి పడ్డాక దీనితో పని లేదు. అదృష్టం ఏమిటంటే మిగతా యుక్కా చిమ్మటలు ఎక్కువగా మునిమాపు దాటాక తిరిగేవైతే, జాషువా చెట్టువి పగలు కూడా పువ్వుల్లో కనిపిస్తాయి. ఎండెక్కని ఉదయం పూట మందకొడిగా ఉంటాయి, ఆ వేళే మంచిది.

6.5 తీసుకోవాలా, 8.5 తీసుకోవాలా అంటే, పురుగుల కోసమైతే 6.5. రెండూ ఒకే దూరం నుంచి ఫోకస్ అవుతాయి. 8.5లో బొమ్మ పెద్దదే కానీ కనిపించే వెడల్పు తగ్గుతుంది, వెలుగు తగ్గుతుంది, వణుకు పెరుగుతుంది. పువ్వు మొత్తం కనిపిస్తేనే చిమ్మట ఎటు నడిచిందో తెలుస్తుంది. నేను కొన్నప్పుడు 130 డాలర్ల దగ్గర పడింది. ధర షాపుని బట్టి మారుతోంది, రెండు మూడు చోట్ల పోల్చి చూసుకోండి. ఒక ఆన్‌లైన్ అమ్మకందారు మా నాయన కోసం ఆర్డరు పెట్టినప్పుడు 6.5 అని రాసి 8.5 పంపాడు, వెనక్కి పంపి మార్చుకోవడానికి నెల పట్టింది. పెట్టె విప్పేముందు అంకె చూసుకోండి.

ఈ బైనాక్యులర్ పట్టుకుని ఎవరైనా మొహావీ వస్తానంటే నా కోరికలు రెండున్నాయి. కొమ్మ అందకపోతే వంచొద్దు. జాషువా కొమ్మ వంగదు, విరుగుతుంది. పైన పూసినవి వదిలేసి ఎత్తుకి అందే ఇంకో చెట్టు వెతుక్కోండి. తూర్పు రకం గుబురుగా ఎదుగుతుంది కాబట్టి ఎలాగూ దొరుకుతుంది. రెండోది, పూల గుత్తి కింద నేలని తొక్కకండి, పూల కాలం కాకపోయినా సరే. కాయలోంచి దిగిన పురుగు ఆ మట్టిలోనే గూడు కట్టుకుని, వాన కుదరకపోతే ఏళ్ల తరబడి అక్కడే ఆగుతుంది.

సీమా డోమ్‌లో 2020 ఆగస్టులో వచ్చిన మంట 43,000 ఎకరాలకి పైగా కాల్చేసింది. పది లక్షలకి పైగా జాషువా చెట్లు పోయాయని అంచనా. అవి యాంటిథెటికా చెట్లు. 2023లో సీమా డోమ్ ఉన్న మొహావీ ప్రిజర్వ్ అనే రక్షిత ప్రాంతంలోనే యార్క్ ఫైర్ అని ఇంకోటి వచ్చి అంతకు రెట్టింపు నేల కాల్చి మా నెవాడాలోకి దాటింది. జాషువా చెట్టు గింజ నుంచి పూతకి రావడానికి దశాబ్దాలు పడుతుంది. కాలిన చోట అక్కడక్కడా మిగిలిన చెట్లు పూస్తున్నాయి. వాటి పువ్వుల్లోకి చిమ్మట వస్తోందా లేదా అన్నది దూరం నుంచి చూసి చెప్పలేం, ఎవరో ఒకరు చెట్టు దగ్గర నిలబడి పువ్వు పువ్వూ చూడాలి. వచ్చే పూల కాలానికి నేను వెళ్తున్నాను. హెండర్సన్, లాస్ వేగస్ వైపు ఉండే మనవాళ్లు ఎవరికైనా ఆసక్తి ఉంటే రండి, నా పాపిలియో చేతికిస్తాను. ముందు చూసి, తర్వాత కొనుక్కోండి.